లార్కాద్ గారి ఏకాంతం

రాతబల్ల మీద కలం మరీ తిన్నగా పెట్టి ఉంది. సొలాంజ్ మయార్‌కు మొదటి అనుమానం అక్కడే వచ్చింది.

రచయితల మీద డాక్యుమెంటరీలు తీయడం ఆమె పని. పోయిన రచయితల ఇళ్ళకు వెళ్ళి, వాళ్ళు కూర్చున్న కుర్చీలనూ చూసిన కిటికీలనూ నడిచిన తోవలనూ కెమెరాలో పట్టుకుని, వాటికి తన మాటలు జోడించి టీవీ చానెల్‌కు ఇస్తుంది. ఆ ఇళ్ళు అబద్ధాలాడతాయని తొలి సినిమాతోనే ఆమెకు తెలిసిపోయింది. కెమెరా వస్తోందంటే చాలు, ఆ ఇంటి భార్యో కూతురో మేనల్లుడో రాతగదిని పెళ్ళిచూపులకు పిల్లను ముస్తాబు చేసినట్టు ముస్తాబు చేస్తారు. జన్మలో పొగతాగని మనిషి బల్ల మీద కూడా పైపు ఒకటి వెలుస్తుంది. అందుకని రాతగదిని ఎంత శ్రద్ధగా తీసినా ఆమె దాన్ని నమ్మదు. నమ్మేది వంటింటిని. వంటింటిని సర్దాలన్న ఆలోచన ఎవరికీ రాదు.

ఈ ఇల్లు అన్సెల్మ్ లార్కాద్‌ది. లువార్ నదికి కాస్త ఎగువన, ద్రాక్షతోటల చివర, ఊరి రోడ్డు పక్కన ఒంటరిగా ఉంటుంది. ఆయన పోయి తొమ్మిదేళ్ళయింది. పెళ్ళి చేసుకోలేదు, ఎవరినీ గడప తొక్కనివ్వలేదు, పారిస్ నుంచి వచ్చిన విలేఖరులను కూడా గేటు దగ్గర నుంచే పంపేసేవాడు. ఒంటరిగా బతికే మనిషి సుఖం గురించి ఆయన రాసిన 'తలుపుకు ఇవతల' అన్న నవల చదవని కాలేజీ పిల్లలు ఆ రోజుల్లో దేశంలో లేరు.

సొలాంజ్ దాన్ని ఇరవయ్యో ఏట చదివింది. అప్పుడు లియోన్‌లో ఒకతను ఆమెను పెళ్ళి చేసుకుందామని అడుగుతున్నాడు. మంచివాడే. పుస్తకం మూసిన వారానికి ఆమె అతనికి కుదరదని చెప్పేసింది. ఆ తరువాత మరెవరికీ కుదరలేదు. ఇప్పుడు యాభై దాటాయి. ఎందుకిలా ఉండిపోయావని ఎవరైనా అడిగితే నవ్వి, ఆ పుస్తకం పేరు చెబుతుంది. అందుకే ఈ ఇంట్లో ఆమె వెతుకుతున్నది సినిమా ఒక్కటే కాదు. లార్కాద్ నిజంగా అలాగే బతికాడా, ఆ సుఖం ఆయన అనుభవించిందేనా అన్నది ఆమెకు తేలాలి. కాదని తేలితే, ఇన్నాళ్ళూ తాను విన్నది ఎవరి మాట?

ఇంట్లో ఇప్పుడు ఉంటున్నది లార్కాద్ చెల్లెలు ఒర్తాన్స్ ఒక్కతే. ఎనభై దాటిన మనిషి, నిటారుగా నడుస్తుంది. మొదటిరోజు మేడ మీది రాతగదిలో కెమెరా ముందు కూర్చుని, అడిగినవాటికే జవాబులు చెప్పింది. అన్నయ్య పొద్దున్నే పైకి వచ్చేవాడనీ, సాయంత్రం దాకా దిగేవాడు కాదనీ, మనుషులంటే సరిపడేది కాదనీ చెప్పింది. ఇంటికి ఎవరూ వచ్చేవారు కాదా అని సొలాంజ్ అడిగింది. పోస్టుమనిషి, అప్పుడప్పుడూ పశువుల డాక్టరు, అంతేనంది ఒర్తాన్స్. మేకలుండేవట. వాటికి ఒంట్లో బాగాలేకపోతే డాక్టరు వచ్చి, వాకిట్లోనే చూసి వెళ్ళిపోయేవాడట.

చెప్పిందంతా ఇదివరకు పత్రికల్లో వచ్చిందే. అదే మాట, అదే వరుస. సొలాంజ్ తల ఊపుతూ వింటోంది కానీ ఆమె చూపు కుర్చీ మీద ఉంది. ముప్పై ఏళ్ళు ఒక మనిషి పొద్దస్తమానం కూర్చున్న కుర్చీ అంటున్నారు. ఎక్కడా అరగలేదు.

భోజనానికి కిందికి దిగినప్పుడు ఆమె వంటింటి బల్లను చూసింది. పొయ్యి వైపు చివర, చెక్కలోకి ఇంకిపోయిన సిరా మరకలున్నాయి. ఒకటీ అరా కాదు. ఒర్తాన్స్ వాటి మీద సూపు గిన్నె పెట్టింది. గిన్నె పెట్టడానికి అదే చోటు కావాల్సి వచ్చిందా అని సొలాంజ్ అనుకుంది.

"అన్నిట్లోనూ దొంగలే కనిపిస్తారు నీకు. సినిమాల్లోకి వచ్చి పోలీసుశాఖకు అన్యాయం చేశావు," అన్నాడు గాయెతాన్, తిరిగి కారులో బసకు వెళ్తుంటే. సినిమాకు ధ్వని రికార్డు చేసేది అతను. ఎన్నో ఏళ్ళుగా ఆమెతో పనిచేస్తున్నాడు కాబట్టి చనువెక్కువ. కెమెరా ఆమే పట్టుకుంటుంది. వాళ్ళ బలగం అంతా ఈ ఇద్దరే.

"ఆ కుర్చీ చూశావా?"

"చూశాను. నీకన్నా సుఖంగా ఉంది."

మర్నాడు వాన పట్టుకుంది. బయట తీయాల్సినవి ఆగిపోయాయి. మధ్యాహ్నం అవుతుండగా పశువుల డాక్టరు వచ్చాడు. ఫిర్మాన్ గొదెల్ అని పేరు చెప్పాడు. పని మానేసి చాలా కాలమైందట. తోటలో కాసిన బేరిపళ్ళు బుట్టలో పెట్టుకుని, తడిసిన టోపీతో గుమ్మంలో నిలబడ్డాడు. లోపల మనుషుల్ని చూసి, బుట్ట ఇచ్చి వెళ్ళిపోతానన్నాడు. ఒర్తాన్స్ కూడా ఉండమనలేదు. గాయెతాన్‌కే నోరు ఊరుకోలేదు. ఈ వానలో ముసలాయన్ను పంపడం ఏమిటి, మాకన్నా మీకే ఈ ఇల్లు బాగా తెలుసుండాలి, రండి రండి అని తానే ఇంటివాడిలా లోపలికి లాగాడు. అప్పుడు ఒర్తాన్స్‌కు తప్పలేదు. కూర్చోండి డాక్టరుగారూ అంది.

కుందేలు మాంసం ఆవపిండితో వండింది. పళ్ళేలు పెట్టింది, రొట్టె కోసింది. బీరువాలోంచి ఇస్త్రీ మడత నలగని తెల్లటి చేతిగుడ్డలు తీసి సొలాంజ్‌కొకటి, గాయెతాన్‌కొకటి ఇచ్చింది. తరువాత, ఈ వాన ద్రాక్షకు ఎంత చెరుపో చెబుతూనే, చూడకుండా బల్ల సొరుగు లాగి, చెక్క కడియాల్లో చుట్టిపెట్టిన గుడ్డలు రెండు తీసింది. ఒకటి తన పళ్ళెం పక్కన పెట్టుకుని, రెండోది డాక్టరు ముందు పెట్టింది. ఆయన కూడా చూడలేదు. కడియంలోంచి గుడ్డ లాగి, ఒళ్ళో పరుచుకుని, రొట్టె అందుకున్నాడు. ఆ గుడ్డ నలిగి ఉంది. మూల మీద పాత ఆవపిండి మరక ఉంది.

సొలాంజ్ చేతిలో ముల్లుచెంచా ఆగిపోయింది.

ఆమె పుట్టింట్లోనూ అదే పద్ధతి. గుడ్డలు వారానికొకసారి ఉతుకుతారు. ఈలోపు ఎవరిది వాళ్ళకే రావాలి కనుక ఎవరి కడియం వాళ్ళకుంటుంది. వచ్చిపోయేవాళ్ళకు ఉతికిన గుడ్డ, ఇంటివాళ్ళకు కడియం. బిషప్ వచ్చి భోంచేసినా ఆయనకు కడియం ఉండదు. ఆమె మేనమామకు వాళ్ళింట్లో కడియం ఏర్పడడానికి కొన్నేళ్ళు పట్టింది, అదీ భార్య పోయి రోజూ వచ్చి తినడం మొదలుపెట్టాక. వాకిట్లో నిలబడి మేకలను చూసి వెళ్ళిపోయే మనిషికి కడియం ఎక్కడిది? పైగా ఒర్తాన్స్ సొరుగు మూసేలోపు, లోపల మూడో కడియం ఒకటి ఖాళీగా కనిపించింది. అంటే ఈ బల్ల దగ్గర రోజూ ముగ్గురు తినేవారు. ఒంటరి మనిషి లార్కాద్ ఎప్పుడు ఒంటరిగా ఉన్నట్టు?

భోజనం అయ్యేదాకా ఆమె డాక్టరును వదల్లేదు. లార్కాద్ గారితో పరిచయం ఎంతని అడిగితే, ముఖపరిచయం అన్నాడు. ఆయన పుస్తకాలు చదివారా అంటే, ఆరంభించానన్నాడు. సాయంత్రాలు ఆయన ఏం చేసేవారో తెలుసా అంటే, నేను పశువుల డాక్టర్నమ్మా, సాయంత్రాలు పశువులు కొట్టాల్లో ఉంటాయి, రచయితల సంగతి నాకు తెలియదన్నాడు. అడగని ప్రశ్నలకు కూడా జవాబులు సిద్ధంగా ఉన్నట్టు ఉంది ఆయన వాలకం.

"మీరూ ఏమైనా రాసేవారా?" అంది సొలాంజ్. ఒకవేళ ఆ నవలలు రాసింది ఈ మనిషేనేమో అన్న ఊహ అప్పుడే పొడిచింది.

"ఆవులకు మందుచీటీలు రాసేవాణ్ణి. ఒక్క ఆవూ చదవలేదు."

గాయెతాన్ పొట్ట పట్టుకుని నవ్వాడు. ఒర్తాన్స్ నవ్వలేదు. లేచి మేక జున్ను తెచ్చి అతిథుల మధ్య పెట్టింది. ఊళ్ళో కొన్నదట. మేక జున్ను మీరు తీసుకోరా అని అడిగింది సొలాంజ్. ఆ వాసన చిన్నప్పట్నించీ పడదంది ఒర్తాన్స్. అని, తానేం చెప్పిందో తట్టినట్టు బేరిపళ్ళ బుట్ట దగ్గరికి జరుపుకుని, మచ్చలున్నవి వేరు చేయసాగింది. జున్ను వాసన పడని మనిషి అన్నేళ్ళు మేకలను ఎందుకు సాకినట్టు? పశువుల డాక్టరు కారు వాకిట్లో ఆగడానికి ఏదో ఒక పశువు ఉండాలి కదా.

ఆ సాయంత్రమంతా సొలాంజ్ ఆలోచనలు డాక్టరు చుట్టూ, లార్కాద్ చుట్టూ తిరిగాయి. ఆ ఇద్దరి మధ్యా ఏదో ఉండి, చెల్లెలు కాపలా కాసిందనుకుంది. ఆ కాలంలో అలాంటివి దాచుకునేవాళ్ళు, అందులో పల్లెటూరు. ఆ ఊహకు అన్నీ అతికాయి. మరీ బాగా అతికాయి. అదే ఆమెకు నచ్చలేదు.

మర్నాడు గాయెతాన్‌ను వానలో నది చప్పుడు పట్టుకురమ్మని పంపి, ఒంటరిగా వెళ్ళింది. ఒర్తాన్స్ వంటింట్లో ఉల్లికాడలు ఒలుస్తోంది. కూర్చోమనలేదు. సొలాంజే కూర్చుని ఒక కత్తి తీసుకుంది. తానూ ఒలవడం మొదలుపెట్టింది.

"అది నిద్రపోతోందా?" అంది ఒర్తాన్స్, సొలాంజ్ మెడ దగ్గర చూసి.

సొలాంజ్ కాలరుకు మైకు లేదు. కోటు విప్పి, జేబులు బయటికి తీసి చూపింది. ముసలామె మొహమాటపడకుండా చూసింది. తరువాత కోటును తానే తీసుకెళ్ళి వరండాలో కొక్కేనికి తగిలించి, తలుపు వేసి వచ్చింది.

"ఇప్పుడు చెప్పండి. ఏం కనిపెట్టారు?"

"డాక్టరుగారి కడియం."

ఒర్తాన్స్ సొరుగు వైపు చూసింది. తరువాత ఆమె భుజాలు మెల్లగా కదిలాయి. ఏడుస్తోందేమో అనుకుంది సొలాంజ్. కాదు, నవ్వుతోంది.

"ఇన్నేళ్ళూ కిటికీలకు తెరలు వేసుకున్నాను. చెప్పులు లోపల విడిపించాను. ఊళ్ళో ఎదురైతే పలకరింపులో కూడా కొలత తప్పలేదు. గుడ్డ దగ్గర దొరికిపోయానా," అంది.

మిగతాది ఆమె ఉల్లికాడలు ఒలుస్తూనే చెప్పింది. డాక్టరు అన్నయ్య కోసం రాలేదు, తన కోసం వచ్చేవాడు. అప్పటికే ఆయనకు పెళ్ళయింది. భార్య బ్లాందీన్ ఇప్పటికీ ఉంది, మోకాళ్ళు అంతంతమాత్రం. బ్లాందీన్ చెడ్డదైతే బాగుండేది, మంచిది, అదే వచ్చిన చిక్కు అంది ఒర్తాన్స్. మధ్యాహ్నం పూట ఆయన వచ్చి తిని వెళ్ళేవాడు. పశువుల డాక్టరు కారు ఎవరింటి ముందున్నా ఎవరూ పట్టించుకోరు. అందుకే మేకలు.

మరి అన్సెల్మ్? అన్సెల్మ్‌కు మనుషులు లేకపోతే తోచేది కాదట. మొదటి పుస్తకానికి పేరొచ్చాక పారిస్ నుంచి ఎవరు వచ్చినా ఉండమనేవాడు, వైను పోసేవాడు, బెలోత్ ఆటకు కూర్చోబెట్టి పేకముక్కలు పంచేవాడు. ఒకరోజు ఎవరో విద్యార్థిని చెప్పకుండా మధ్యాహ్నం వేళ తిన్నగా వంటింట్లోకి వచ్చేసింది. డాక్టరు వెనక తలుపు నుంచి కొట్టంలోకి వెళ్ళి మేకల మధ్య నిలబడ్డాడు. ఆ వారం నుంచి గేటుకు తాళం పడింది. వచ్చినవాళ్ళకు తానే గేటు దగ్గర నిలబడి, నేనెవరినీ చూడనని కసురుకుని పంపేవాడు. పత్రికలు దాన్ని గొప్పగా రాశాయి.

"నాకు పేరొస్తుంది, నీకు తలుపు గడియ ఉంటుంది అన్నాడు నాతో. లోపలికి వచ్చాక మాత్రం పాపం, పిల్లి కనబడినా కూర్చోబెట్టి కబుర్లు చెప్పేవాడు. ఈ బల్ల దగ్గరే రాసుకునేవాడు, మేమిద్దరం పేకలో పోట్లాడుకుంటుంటే. ఆ పై గది మీలాంటివాళ్ళ కోసం."

సొలాంజ్ కత్తి కింద పెట్టింది. కడియం చూసినప్పటి నుంచీ ఆమె వెతుకుతున్నది దొరికింది. కానీ చేతికి అందింది తాను వెతికినదానిలా లేదు.

"మరి ఆ పుస్తకం? ఒంటరితనం అంటే ఏమిటో తెలియని మనిషి రాసిన పుస్తకం కాదది."

"వాడికి తెలియదు. నాకు తెలుసు." ఒర్తాన్స్ ఒలిచిన కాడలను నీళ్ళలో వేసింది. "ఆదివారాలు, పండగలు, ఆగస్టు నెలంతా ఆయన భార్యాపిల్లలతో ఉండేవారు. ఉండాలి కదా. నేను ఇదిగో, ఇక్కడ కూర్చునేదాన్ని. వాడు ఆ చివర కూర్చుని నన్ను చూస్తూ రాసేవాడు. చేతులు ఎక్కడ పెట్టుకుంటానో, గడియారం వైపు చూడకుండా ఎలా చూస్తానో, అన్నీ అందులో ఉన్నాయి. మగవాణ్ణి చేశాడంతే."

"కానీ అందులో ఆ మనిషి సుఖంగా ఉంటాడు."

"అది మాత్రం వాడు కల్పించిందే. నా మీద జాలేసి ఉంటుంది. కథలోనైనా సుఖపడనీ అనుకున్నాడేమో."

బయట వాన వెలిసినట్టుంది. చూరు నీళ్ళు ఒక్కొక్క బొట్టే తొట్టిలో పడుతున్నాయి. ఒర్తాన్స్ చేతులు తుడుచుకుని, మొదటిసారి సొలాంజ్‌ను తేరిపార చూసింది. వంటింట్లోకి వచ్చిన కొత్త మనిషిని చూసినట్టు కాదు, ఏదో వస్తువు పోయాక పనిమనిషిని చూసినట్టు చూసింది.

"సినిమాకైతే ఇంత తవ్వక్కర్లేదు. మొన్న పైన తీసింది చాలు. మీకు దీనితో ఏం పనమ్మా?"

"నేను ఆ పుస్తకాన్ని నమ్ముకుని బతికాను," అంది సొలాంజ్.

"నేను బతికింది చూసి వాడు రాశాడు. వాడు రాసింది చూసి మీరు బతికారా?"

ఆ మాటలో ఎగతాళి లేదు. లియోన్ మనిషి ముఖం గుర్తు తెచ్చుకోబోయింది, సరిగ్గా రాలేదు. అతను చెయ్యి ఊపే పద్ధతి వచ్చింది, గొంతు వచ్చింది, ముఖం రాలేదు.

ఒర్తాన్స్ షరతు ఒక్కటే. బ్లాందీన్ బతికి ఉన్నన్నాళ్ళూ డాక్టరు పేరు గానీ నీడ గానీ సినిమాలో పడకూడదు. కాదంటే ఇప్పటిదాకా తీసినదానికి కూడా ఒప్పుకోనంది. మీరు మాట మీద నిలబడతారని నాకు నమ్మకం లేదు, అయినా చెప్పేశాను, ఎనభై ఏళ్ళు దాటాక ఎవరితోనో ఒకరితో అనాలనిపిస్తుంది, అదే పొరపాటు అని కూడా అంది.

సొలాంజ్ బసకు వెళ్ళి తాను రాసుకున్న వ్యాఖ్యానం తీసింది. చానెల్ వాళ్ళు దాన్ని చదివి మెచ్చుకున్నారు కూడా. లార్కాద్‌కు ఎవరి అవసరమూ ఉండేది కాదన్నదే అందులో మొదటి మాట. ఆ మాట ఇక ఆమె నోట రాదు. ఆయన ఒంటరివాడు కాదని చెప్పినా కుదరదు. మరి బల్ల దగ్గర ఎవరుండేవారని మర్నాటికల్లా ఎవరో ఒకరు గేటు దగ్గరికి వస్తారు. సినిమా మానేద్దామా అనుకుంది. మానేస్తే ఇంకొకరు వస్తారు, అదే కుర్చీని తీస్తారు, అదే కలాన్ని తీస్తారు, మరో ఇరవయ్యేళ్ళ పిల్ల దాన్ని చూస్తుంది.

ఆదివారం పొద్దున ఆమె మళ్ళీ వెళ్ళి, ఒక్క షాటు తీసుకుంటానని అడిగింది. ప్రశ్నలుండవు, జవాబులుండవు. మీరు ఆదివారం ఎక్కడ కూర్చుంటారో అక్కడ కూర్చోండి, నేను తీస్తాను అంది.

ఒర్తాన్స్ కళ్ళు చిన్నవయ్యాయి. "దానికి మీ గొంతుతో ఏం చెబుతారు?"

"ఏమీ చెప్పను."

"చూసినవాళ్ళకు ఏం తెలుస్తుంది?"

"చెల్లెలు అన్నయ్య కోసం దిగులు పడుతోందనుకుంటారు."

"అనుకోనివ్వండి," అంది ఒర్తాన్స్. బట్టలు మార్చుకోమంటారా అని అడిగింది. అక్కర్లేదంది సొలాంజ్.

గాయెతాన్ మైకు పట్టుకుని గోడ వారగా నిలబడ్డాడు. అతనికి ఏమీ తెలియదు. రాతగది వదిలేసి వంటింట్లో ఈ మౌనం ఎందుకో అతనికి అర్థం కాలేదు, అడిగితే సొలాంజ్ చెప్పలేదు. ఒర్తాన్స్ కిటికీ పక్కన కూర్చుంది. చేతులు బల్ల మీద పెట్టుకుంది, తీసింది, ఒళ్ళో పెట్టుకుంది. గడియారం వైపు చూడలేదు. చూడకపోవడం తెలుస్తూనే ఉంది. పుస్తకంలో ఆ పేజీ ఎక్కడుందో సొలాంజ్‌కు తెలుసు. కళ్ళు మూసుకుని చెప్పగలదు. దాన్ని ఇన్నేళ్ళూ ప్రశాంతత అనుకుంది.

చర్చి గంటలు ఆగాయి. కొంతసేపటికి బయట రోడ్డు మీద పూజ నుంచి ఇళ్ళకు వెళ్ళేవాళ్ళ మాటలు వినిపించాయి. ఒక ముసలి జంట కిటికీ చట్రంలోకి వచ్చింది. ఆమె కర్ర మీద ఆనుకుని, ఆయన మోచేయి పట్టుకుని, మెల్లగా నడుస్తోంది. ఇంటి ఎదురుగా వచ్చాక ఆయన, ఏ ఇరుగుపొరుగైనా చేసినట్టే, టోపీ కాస్త పైకెత్తాడు. ఆమె కూడా తల ఊపి ఏదో మంచి మాట అంది. ఒర్తాన్స్ తిరిగి తల ఊపింది. ఎంత ఊపాలో అంతే. వాళ్ళు చట్రం దాటిపోయారు. ఒర్తాన్స్ తల అటు తిరిగే ఉంది.

సొలాంజ్ ఆపమనలేదు. నీడ కూడా పడకూడదన్న మాట ఆమెకు గుర్తుంది. ఒర్తాన్స్‌కు కూడా గుర్తుండే ఉండాలి. ఈ వేళకు ఎవరు ఈ దారిన పోతారో ఆమెకు తెలియనిది కాదు. అయినా తెర వేయలేదు, వేయమని అడగలేదు.

గాయెతాన్ చెవుల మీది హెడ్‌ఫోన్ తీశాడు.

"ఛ, పాడైంది. డాక్టరుగారూ వాళ్ళావిడా అడ్డం వచ్చారు. ఈవిడేమో కెమెరా సంగతి మరిచి అటే చూస్తూ ఉండిపోయారు. ఇంకోసారి తీద్దామా?"

సొలాంజ్ కెమెరా మీది నుంచి చెయ్యి తీయలేదు. ఒర్తాన్స్ వైపు చూసింది, ఆమె కాదంటుందేమోనని.

"వాళ్ళు మళ్ళీ రారు బాబూ," అంది ఒర్తాన్స్ కిటికీ వైపు నుంచి తల తిప్పకుండా. "వచ్చే ఆదివారం దాకా."